మూగ పియానో మీద వాన పాట

పారిస్,
10 అక్టోబరు 1983

మామయ్యకు మీ సిదోనీ నమస్కారాలు.

వారం రోజులుగా ఫోను చేస్తున్నాను. మీరు ఎత్తడం లేదు. చర్చిలో ఆర్గాను మేడ మీదే కాపురం పెట్టేశారేమో అనుకుని ఉత్తరానికి కూర్చున్నాను.

ఒక సంగతి చెప్పాలి. ఈ బుధవారం నుంచి 'నత్తమ్మ ఇల్లు'లో నాకు పియానో ఇస్తున్నారు. నాలుగేళ్లుగా బుధవారం మధ్యాహ్నాల్లో కొమ్ముల టోపీ పెట్టుకుని, వీపున అట్టగుల్ల మోస్తూ పాడే నత్తమ్మనే మీరు టీవీలో చూశారు. ఇకమీదట నా చేతులు కూడా చూస్తారు. కెమెరా పట్టే ఆయన వేళ్ల దగ్గరదాకా వస్తానంటున్నాడు. "పిల్లలకు మొహాలకంటే వేళ్లంటే సరదా" అని ఆయన నమ్మకం.

మొదటి పాట వాన పాట. మాటలూ బాణీ రెండూ నావే. వానలో షికారు బయలుదేరిన నత్తమ్మను దారిలో ప్రతివాళ్లూ గొడుగేదని అడుగుతారు. ఇల్లు వీపు మీదుండగా గొడుగెందుకని ఆవిడ జవాబు. అప్పుడు పియానో మూత తెరుచుకుని పొడుగయ్య అనే వానపాము తల ఎత్తుతాడు. ఆ బొమ్మను ఆడించేది గస్పార్. మంచివాడు, నోరు మాత్రం కుదురుగా ఉండదు.

మామయ్యా, ఈ ఒక్క పాట శ్రద్ధగా విని నాకు నిజం చెప్పండి. చిన్నప్పుడు ఆర్గాను బల్ల మీద మీ కుడి పక్కన కూర్చోబెట్టుకుని చెప్పేవారే, అలాగ. సంగీత కళాశాలలో నాతో చదివినవాళ్లు నేనేం చేస్తున్నానని అడిగితే ఇప్పటికీ "ఏవో పాటలు రాస్తుంటాను" అని మాట దాటేస్తాను. మీరు బాగుందంటే బహుశా దాటెయ్యనేమో.

క్రిస్మస్ పూజకు వచ్చి మీ పక్కన ఆర్గాను గొంతు మార్చే పిడులు లాగమన్నారు. తప్పక వస్తాను. పూజ ముగిశాక జనం లేస్తుంటే మీరు వాయించే ఆ చిన్న రాగం వినాలని ఉంది. "ఇక దిగు, బేకరీలో ఓదెత్ బ్రియోష్ రొట్టె పొయ్యిలోంచి తీసేసింది" అని దానికి అర్థమని మనిద్దరికే తెలుసు.

మీ మేనకోడలు,
సిదోనీ


సెంతెవ్రార్,
20 అక్టోబరు 1983

సిదోనీకి ఎల్వా మామయ్య ఆశీస్సులు.

నీ ఉత్తరం అందింది. ఫోను మోగిన వేళల్లో నేను ఇంట్లో ఉండటం లేదు. ఆర్గాను గాలితిత్తి తోలును ఎలుకలు కొరికాయి. గొర్రెతోలు తెప్పించి, జిగురు కాచి, అతుకు మీద అతుకు వేస్తున్నాను. పని నెమ్మదిగా సాగుతోంది. అక్రోట్లు ఈ ఏడు బాగా కాశాయి. అటక మీద ఆరబోశాను. నీ వాటా వేరుగా ఉంచాను.

బుధవారం నీ కార్యక్రమం చూశాను. కొమ్ములు నీకు నప్పాయి. ముఖంలో అలసట లేదు. అది చూసి తృప్తిపడ్డాను.

పాట గురించి నిజం చెప్పమన్నావు. చెప్పకుండా ఉంటే నిన్ను చిన్నచూపు చూసినట్లవుతుంది. మూడవ చరణంలో నీ ఎడమ చెయ్యి ఒక తెల్ల మీటను, దానికి ఆనుకుని ఉన్న నల్ల మీటను కలిపి నొక్కింది. ఆ సమయానికి కుడిచెయ్యి పై స్థాయిలో ఒకేచోట తచ్చాడుతోంది. వాన చినుకులకు క్రమం ఉండదు కనుక పాటకూ ఉండనక్కరలేదని నీ ఉద్దేశం కావచ్చు. అలా అనుకుని కూడా ఆలోచించాను. చినుకులకైనా మేఘం ఒకటి ఉంటుంది కదా. నీ పాటలో ఆ మేఘం నాకు దొరకలేదు. పిల్లల చెవి మెత్తనిది. కారణం లేని గరుకుదనం దానికి తగిలించకూడదని నా అభిప్రాయం.

నా కాలం వేరు, మీ కాలం వేరు. ఇది కొత్త తరహా సంగీతమైతే, ఈ ముసలివాడికి అది ఎలా కట్టావో వివరించు. నేర్చుకుంటాను.

క్రిస్మస్‌కు నువ్వు రావడం మానవద్దు. పిడుల పని నీకు ఇష్టమని అడిగాను, అంతే.

ప్రేమతో,
మామయ్య


పారిస్,
3 నవంబరు 1983

మామయ్యా,

మీ ఉత్తరం చదివి దాదాపు రెండు వారాలు కలం ముట్టుకోలేదు. ముట్టుకుంటే అనకూడని మాటలు రాస్తానని భయపడ్డాను.

ఆ పాటలో నల్ల మీట ఒక్కటి కూడా లేదు. మొదటినుంచి చివరిదాకా తెల్ల మీటలే. బడి వరండాలో పిల్లలు రాగం తప్పకుండా పాడుకుంటున్నారని ఉత్తరాలొస్తున్నాయి. ఏ చరణంలోనూ లేని గరుకుదనం మీకెలా వినబడింది? వినలేదు గనుకనే వినబడింది.

ఇది ఊహించి రాస్తున్న మాట కాదు. మీ ఆరోగ్యం కనుక్కుందామని బేకరీకి ఫోను చేశాను. ఓదెత్ చెప్పింది: "అమ్మాయ్, నేను చెప్పానని అనకు. బుధవారం రొట్టె ఇద్దామని తలుపు కొట్టా, కొట్టా, పలకడే! తోసుకుని లోపలికెళ్తే మీ మామయ్య నీ బొమ్మ ముందు కూర్చుని ఉన్నాడు, టీవీ గొంతు పూర్తిగా నొక్కేసి. 'పెంచవయ్యా ఎల్వా, పిల్ల పాడుతుంటే!' అన్నా. తిరిగి కూడా చూడలేదు. ఎదురుగా వెళ్లి నిలబడితే దొంగ దొరికినట్టు ఉలిక్కిపడ్డాడు."

నా పాట మీ ఇంట్లో వినబడటానికి కూడా తగదన్నమాట. గొంతు నొక్కి, కొమ్ములు మాత్రం చూసి, "నప్పాయి" అని రాశారు. చూడలేదని చెప్పినా ఇంత బాధ ఉండేది కాదు.

మీకు సిగ్గుగా ఉంటే నేను కాదనలేను. నాకూ సిగ్గే. పోయిన నెల మెట్రోలో ఒక పసిపిల్ల నా చెయ్యి పట్టుకుని "నత్తమ్మా!" అంది. సరిగ్గా అప్పుడే నా పక్కన కళాశాలలో నాతో చదివిన ఐరెన్ ఉంది. ఆమె ఇప్పుడు పెద్ద వాద్యబృందంలో వయొలిన్ వాయిస్తోంది. "కాదమ్మా, నేను కాదు" అన్నాను. ఆ పిల్ల చెయ్యి వదిలేసింది. వాళ్లమ్మ "సారీ అండీ" అంది. ఆ పిల్ల నమ్మలేదు. నా ముఖాన్నే చూస్తూ దిగిపోయింది.

క్రిస్మస్‌కు రాలేను. ఆ రోజుల్లో ఇక్కడ పని ఉంటుంది.

సిదోనీ


సెంతెవ్రార్,
14 నవంబరు 1983

సిదోనీకి,

ఓదెత్ చూసింది నిజమే. ఆ టీవీ పెట్టె పాతది. అందులో శబ్దం వచ్చే భాగం పాడైంది. బాగుచేసేవాడు ఇంకా రాలేదు.

నీ పాట పట్ల గాని, నీ కొమ్ముల పట్ల గాని నాకు సిగ్గు లేదు. సిగ్గు అనే మాట నువ్వు వాడావు కనుక చెబుతున్నాను: అది ఈ ఇంట్లో లేదనను. నువ్వు వెతికిన చోట మాత్రం లేదు.

నల్ల మీట లేదని నువ్వన్నాక నా మీద నాకే అనుమానం వచ్చింది. మొన్న బుధవారం కూడా ఆ పాట వేశారు కదా, మళ్లీ గమనించాను. ఉంది. మనిద్దరం రెండు వేర్వేరు పాటల గురించి మాట్లాడుకుంటున్నామా అనిపించింది. అందుకని ఆదివారం పూజ ముగిశాక దాన్ని, నాకు గుర్తున్నంతవరకు, ఆర్గాను మీద వాయించి చూశాను. చేతులతో వెళితే దాని లోపలి తర్కం తెలుస్తుందని నా ఆశ. వెళ్లిపోతున్నవాళ్లు గుమ్మం దగ్గర ఆగిపోవడం ఆర్గాను ముందు తగిలించిన అద్దంలో కనిపించింది. పిల్లలు నవ్వుతున్నారు. నువ్వు చెప్పినట్టు వాళ్లకది నచ్చిందనుకుని ఇంకోసారి వాయించాను. ఫాదర్ లొరియో మెట్లెక్కి వచ్చి నా భుజం మీద చెయ్యి వేసి ఏదో అన్నారు. తల ఊపాను.

ఎంత వాయించినా ఆ తర్కం నాకు పట్టుబడలేదు. తప్పు నాదే అయి ఉంటుంది.

క్రిస్మస్‌కు రానన్నావు. నీ పని నీకు ముఖ్యం. అయినా బల్ల మీద నీ చోటు ఖాళీగానే ఉంటుంది.

మామయ్య


పారిస్,
27 నవంబరు 1983

మామయ్యా,

ఇది నెమ్మదిగా చదవండి. నేను నెమ్మదిగానే రాస్తున్నాను.

మొన్న భోజనాల దగ్గర మీ ఉత్తరం సంగతి ఉడుకుమోతుతనంతో గస్పార్‌కు చెప్పాను. "లేని నల్ల మీట మా మామయ్యకు వినిపిస్తోందట" అన్నాను.

అతను ఫోర్కు కింద పెట్టాడు. "వినిపించి ఉండదు నత్తమ్మా, కనిపించి ఉంటుంది. నీ వేళ్లు ఎప్పుడైనా చూసుకున్నావా? కోడి గింజలేరుకున్నట్టు ఇక్కడ ఒకటి, అక్కడ ఒకటి! నా నెత్తి మీదే కదా ఆ తొక్కుడంతా."

మీకు ఇన్నాళ్లూ చెప్పని సంగతి ఒకటి ఉంది. చెప్పడానికి సిగ్గుపడ్డాను. అది పియానో కాదు. తంత్రులు, సుత్తులు, పలక, అన్నీ తీసేసిన డొల్ల. లోపల గస్పార్ మోకాళ్లు ముడుచుకుని కూర్చుని వానపామును పైకెత్తుతాడు. పాటను ఉదయమే వాద్యగాళ్లతో రికార్డు చేస్తాం. మధ్యాహ్నం కెమెరా ముందు అది వినిపిస్తుంటే నేను పెదాలు కదుపుతాను, చేతులు ఆడిస్తాను. ఎడమవైపు మీటలు గట్టిగా నొక్కితే గస్పార్ తలకు తగులుతాయి గనుక ఆ చెయ్యి ఎక్కడ ఖాళీ ఉంటే అక్కడ వేస్తాను. ఇక్కడ అందరూ చేసేది ఇదే. ఎవరూ చూడరని అందరి నమ్మకం.

గస్పార్ మాట విన్నాక టేపులు ఉండే గదికి వెళ్లి, శబ్దం తీసేసి ఆ పాట వేయించుకున్నాను. మీ మొదటి ఉత్తరం ఒళ్లో పెట్టుకున్నాను. మూడవ చరణం వచ్చింది. తెల్ల మీట, దాని పక్కన నల్ల మీట. కుడిచెయ్యి పైన తచ్చాడుతోంది. మీరు రాసింది ప్రతి మాటా నిజం. మీరు నా పాటను చదివారు. నేను చేతులతో అబద్ధం రాశాను.

అక్కడే కూర్చుని మిగతావన్నీ కలుపుకున్నాను. ఎత్తని ఫోను. ఓదెత్ కొట్టిన తలుపు. ఫాదర్ ఏదో అంటే మీరు ఊపిన తల. పిల్లలు నవ్వారని మళ్లీ వాయించడం.

మామయ్యా, ఎప్పటినుంచి?

గొంతు నొక్కారని మిమ్మల్ని ఎన్ని మాటలన్నాను. ఆ ఉత్తరం వెనక్కి తీసుకునే దారి లేదు. చించెయ్యండి.

సిదోనీ


సెంతెవ్రార్,
5 డిసెంబరు 1983

సిదోనీకి,

నీ ఉత్తరాలేవీ నేను చించను.

టీవీ పెట్టె బాగానే ఉంది. పాడైందని రాసింది అబద్ధం.

పోయిన చలికాలం ముగిసేసరికి నా చెవులకు మొదట పిట్టలు పోయాయి. తరువాత ఫోను. ఈస్టరు ముందు ఉపవాస దినాల్లో ఆర్గాను పై స్వరాలు పోయాయి. ఇప్పుడు బల్లలోంచి, పాదాల కిందినుంచి వచ్చే అదురు మాత్రం తెలుస్తుంది. దాన్ని పట్టుకుని వాయిస్తున్నాను. వేళ్లకు అలవాటుంది కనుక ఎక్కువసార్లు గట్టెక్కుతున్నాను.

ఒకసారి గట్టెక్కలేదు. జూన్‌లో గడియారాలు బాగుచేసే బాజిల్ గారి అంత్యక్రియలు జరిగాయి. ముందురోజు పెళ్లికి లాగిన ట్రంపెట్ పిడిని వెనక్కి నెట్టడం మరచాను. ఏడుపు పాటను ఆసాంతం ఊరేగింపు బాకాలా మోగించాను. అద్దంలో ఆయన భార్య తలెత్తి పైకి చూసింది. నేనది ఆమె దుఃఖమనుకున్నాను. దిగే ముందు పిడి చూసుకుంటే విషయం తెలిసింది. నన్ను ఎవరూ ఏమీ అనలేదు. ఆమె మరునాడు నాకు ప్లమ్ జాము పంపింది. ఆ సీసా ఇంకా తెరవలేదు.

క్రిస్మస్‌కు నిన్ను పిలిచింది నీ సరదా కోసం కాదు. నా పక్కన ఒక జత చెవులు కావాలి. ఆ మాట అడగడానికి నోరు రాక, నీకేదో మేలు చేస్తున్నట్లు పిలిచాను.

ఇంకొకటి కూడా నీకు తెలియాలి. మూడేళ్లు నీ పాటలు విన్నాను. బడిపిల్లల్లాగే అవి నోటికి వచ్చేవి. ఈ ఏడాదిలో వచ్చిన పాటల్లో ఒక్కటీ నాకు తెలియదు. నీ పెదాలు చూసి మాటలు కొన్ని పోల్చుకునేవాడిని, బాణీ మాత్రం లేదు. ఇకమీదట వేళ్లు చూపిస్తారని నువ్వు రాసిన రోజున ఎంత సంతోషపడ్డానో చెప్పలేను. కుర్చీ టీవీకి దగ్గరగా జరుపుకుని కూర్చున్నాను. ఆ వేళ్లు నాకేమీ చెప్పలేదు. లోపం నీ సంగీతంలో ఉందనుకున్నాను. నాలో ఉన్నదాన్ని తెచ్చి నీ ఒళ్లో వేశాను.

కొత్త సంవత్సరం రాగానే ఫాదర్ లొరియోకు చేతి కీళ్ల నొప్పులని చెప్పి తప్పుకుంటాను. చేతులు అరగడం గౌరవంగానే ఉంటుంది. నువ్వు ఎవరికీ చెప్పవద్దు.

మామయ్య


పారిస్,
13 డిసెంబరు 1983

మామయ్యా,

నాలుగు మాటలే రాస్తాను. రైలుకు సామాను సర్దుకునే ముందు పని చాలా ఉంది.

వచ్చే బుధవారం, 21న వేసే భాగం నిన్ననే తీశారు. పొడుగయ్యకు పియానోలోంచి ఉద్వాసన చెప్పి పూలకుండీలో కాపురం పెట్టించాను. గస్పార్ "ఇన్నాళ్లకు నా నడుము తిన్నగా అయింది, మీ మామయ్య చల్లగా ఉండాలి" అన్నాడు. దర్శకుడు మాత్రం గునిశాడు. "ఏ మీట నొక్కితే ఏంటమ్మా, అది ఎలాగూ మోగదు. ఎవడు చూస్తాడు?" అన్నాడు. "ఒకాయన చూస్తారు" అన్నాను.

మీరు శబ్దం పెంచనక్కర్లేదు. పాట అయిపోయాక పేర్లు పడుతుంటాయి. అప్పుడు కూడా కుర్చీలోంచి లేవకండి.

కీళ్ల నొప్పులని చెప్పకండి మామయ్యా. నేను ఒక పసిపిల్లతో "నేను కాదు" అన్నాను. అలాంటి మాట నోట్లోంచి త్వరగా పోదు. మీకు చెప్పేంత పెద్దదాన్ని కాను, తెలిసినదాన్ని గనుక చెబుతున్నాను.

23న, శుక్రవారం సాయంత్రానికి వస్తున్నాను.

సిదోనీ


సెంతెవ్రార్,
21 డిసెంబరు 1983, బుధవారం

సిదోనీకి,

ఈ ఉత్తరం నువ్వు బయలుదేరేలోగా చేరుతుందో లేదో తెలియదు. చేరకపోతే పోస్టుమాన్ తిరిగి తెచ్చినప్పుడు ఇద్దరం కలిసి చదువుకుందాం. నీకు మాత్రం ఇప్పుడే రాయాలి.

నీ వాన పాట విన్నాను. ఆ మాటే వాడుతున్నాను. ఎడమ చెయ్యి రెండు స్వరాల మధ్య నత్త నడకలా ఊగుతుంటే, కుడిచెయ్యి పైనుంచి ఒక్కొక్క మెట్టే దిగివచ్చింది. గొడుగేదని అడిగిన ప్రతిసారీ ఒక మెట్టు కిందినుంచి అడిగావు. జవాబు మాత్రం ఎప్పుడూ ఇంటి స్వరం మీదనే నిలిచింది. ఇల్లు వీపు మీద ఉన్నవాళ్లు వేరే స్వరానికి ఎందుకు వెళతారు! ఇంత చిన్న పాటలో ఆ ఏర్పాటు నాకు చాలా నచ్చింది. నల్ల మీట ఒక్కటీ లేదు. నువ్వు చెప్పింది నిజం.

తరువాత పేర్లు పడ్డాయి. నేను లేవలేదు.

ఆ సమయంలో దేశంలో పిల్లలందరూ ఏ సంగీతం విన్నారో నాకు తెలియదు. నీ వేళ్లు మాత్రం పూజ ముగిశాక నేను వాయించే రాగాన్నే వాయించాయి. ఓదెత్ సరిగ్గా అప్పుడే రొట్టె తెచ్చి, నన్ను చూసి భయపడి, కాగితం మీద "ఎవరు పోయారు?" అని రాసి చూపించింది. "ఎవరూ పోలేదు, ఒకమ్మాయి వస్తోంది" అన్నాను.

ఓదెత్ కాగితం మీద ఎందుకు రాసిందో చెప్పాలి. నిన్న ఫాదర్ లొరియోను చర్చిలో పూజ వస్త్రాల గదిలో ఒంటరిగా పట్టుకుని విషయం చెప్పాను. బాజిల్ గారి అంత్యక్రియల సంగతీ చెప్పాను. రహస్యంగా, గొంతు తగ్గించే చెప్పాననుకున్నాను. బయటికి వచ్చేసరికి పూలు సర్దే ఆడవాళ్లు, కొవ్వొత్తులవాడు, క్రిస్మస్ పశువులపాక బొమ్మలు పేరుస్తున్న పిల్లలు, అందరూ నా వైపే చూస్తూ నిలబడి ఉన్నారు. బాజిల్ గారి భార్య కూడా ఉంది. సెంతెవ్రార్‌లో ఇప్పుడు ఆ సంగతి తెలియనివాడు లేడు. నా చెవులు కాలిపోయాయి. ఆ పని వాటికింకా చేతనవును. ఆవిడ దగ్గరికి వచ్చి, నా ముఖానికి ఎదురుగా నిలబడి, పెదాలు విడివిడిగా కదుపుతూ అంది: "మా ఆయన గడియారాలన్నీ ఒకేసారి గంటలు కొడితే ముచ్చటపడేవాడండీ. ఆ బాకా ఆయనకు నచ్చేది. జాము తిన్నారా?"

ఇంటికి వచ్చి సీసా తెరిచాను. నీకు సగం ఉంచాను.

ఫాదర్ ఆదివారం క్రిస్మస్ పూజకు వాయించమనే అన్నారు, నువ్వు పక్కన ఉంటే. తరువాత సంగతి తరువాత చూద్దామన్నారు. ట్రంపెట్ పిడి నీ వైపే ఉంటుంది. పొరపాటు జరిగితే నా మోచేతిని తాకు, ఆగుతాను. పిల్లలు చాలామంది వస్తారు. నత్తమ్మ వస్తోందని ఓదెత్ రొట్టెతో పాటు ఇంటింటికీ పంచిపెట్టింది. ఎవరైనా నీ చెయ్యి పట్టుకుని పేరు పిలిస్తే ఏమనాలో నీకు తెలుసు.

చివరి రాగంలో నాలుగో స్వరానికి నువ్వు రెండో వేలు వాడావు. మూడో వేలని నీకు తొమ్మిదేళ్లప్పటినుంచి చెబుతున్నాను.

ఆదివారం ఆ రాగం నువ్వే వాయించు. నేను చూస్తాను.

ఆశీస్సులతో,
మామయ్య